నలుపు సరిగ్గా వచ్చింది

మార్చి 3

బావమరిదికి,

ఆఖరి రోజు ఎలా గడిచిందో రాయమన్నావు. నువ్వు వచ్చినప్పుడు ఇంటినిండా జనం, చెప్పడం కుదరలేదు. ఫోన్లో నాకు మాట పెగలదు. అందుకని రాస్తున్నాను.

పొద్దున మీ అక్క నాకన్నా ముందే లేచింది. ముఖం తుడిచాను. జుట్టు దువ్వమంటే దువ్వాను. పాపిట వంకరగా తీశానని వేలితో సరిచేసుకుంది. రెండు చెంచాల పాలు తాగి, ఇక వద్దంది. నర్సు వచ్చి నాడి చూసింది. వెళ్తూ నన్ను గుమ్మం అవతలికి పిలిచి, "ఇవాళ షాపు తియ్యకండి సార్" అంది. తియ్యలేదు. మందుల షాపు ఒకరోజు మూస్తే కొంపలేం మునగవు.

మధ్యాహ్నం నిద్రపోయింది. లేచాక టీవీ పెట్టమంది. "నీడల రేవు". మీ ఇద్దరి సీరియల్. ఆఖరి ఎపిసోడ్ కావాలంది. పెట్టాను. సాంతం చూసింది. సొరంగంలో ఎవరో నడుస్తున్నప్పుడు ఒకసారి నవ్వింది. పైకి వినపడేలా నవ్వి చాలా కాలమైంది. అయిపోయాక నా చెయ్యి పట్టుకుంది.

"తమ్ముడికి చెప్పండి, నలుపు సరిగ్గా వచ్చిందని."

అదే ఆఖరి మాట. తరవాత కళ్ళు మూసుకుంది. వీధిలో దీపాలు వెలిగే వేళకి పోయింది. బాధ పడలేదు.

ఆ మాటకి అర్థమేమిటో నాకు తెలీదు. చెప్పమంది కాబట్టి చెప్పాను. నాకంటూ ఏమీ చెప్పలేదు.

మీ బావ

*

మార్చి 9

బావా,

మీ ఉత్తరం ఆఫీసు మెట్ల మీద నిలబడి చదివాను. లోపలికి వెళ్ళాక ఇంకోసారి చదువుదామంటే మా గదిలో వెలుతురు ఉండదు. గోడలకి బూడిదరంగు, తలుపుకి నల్లగుడ్డ, ఫోన్లు బయట బీరువాలో పెట్టి తాళం. ఇంకా విడుదల కానివి చూస్తాం కదా, ఎవరూ ఫోటో తియ్యకూడదని. అక్క నన్ను గుడ్లగూబ అన్నది ఊరికే కాదు.

నా పని గురించి మీకు చాలాసార్లు చెప్పాను. మీరు "ఊఁ" అనేవారు. ఇప్పుడు కాస్త ఓపిగ్గా చదవండి. సినిమా అయినా సీరియల్ అయినా నెట్ ద్వారా ఇళ్ళకి పంపాలంటే ఫైలుని చిన్నది చెయ్యాలి. తడిబట్టని పిండినట్టు పిండాలన్నమాట. అలా పిండినప్పుడు ముందుగా పోయేది చీకటి. ఎండలో తీసిన సీన్లూ, మొహాలూ, పూలూ బాగానే ఉంటాయి. చీకటి సీను వచ్చేసరికి నలుపంతా విరిగి గడులు గడులుగా కనిపిస్తుంది. రాత్రి ఆకాశం మీద మెట్లలాగా చారలు పడతాయి. అలాంటివి పట్టుకుని, బాగుచేయించి, అంతా సరిగ్గా ఉందని సంతకం పెట్టడం నా ఉద్యోగం.

"నీడల రేవు" ఆఖర్లో దీవి రాజు కూతురు ఆరిపోయిన లాంతరు పట్టుకుని సొరంగంలో నడుస్తుంటుంది. దారిలో ఒక మహా జంతువు నిద్రపోతూ ఉంటుంది. నల్లటి సొరంగం, నల్లటి జంతువు. దాని డొక్కలు లేచి పడుతూ ఉంటే, అది కనిపించినప్పుడే అక్కడ జంతువు ఉందని మనకి తెలుస్తుంది. పాపం ఆ పిల్లకి తెలీదు, ఏదో పాట పాడుకుంటూ దాని పక్కనుంచే వెళ్ళిపోతుంది. ఆ ఎపిసోడ్ మొదటిసారి నెట్‌లో వచ్చినప్పుడు అక్క ఫోన్ చేసి ఏమందో తెలుసా?

"ఒరేయ్ గుడ్లగూబా, మీ జంతువేమిట్రా, చదరంగం బల్లలా ఉంది?"

"నీ టీవీలో లోపం అక్కా."

"నా టీవీని అన్నావంటే పళ్ళు రాలతాయి. ముందు వెళ్ళి నీ నిర్వాకం చూసుకో."

వెళ్ళి చూశాను. చదరంగం బల్లే. అప్పట్నుంచీ దాన్ని బాగుచేద్దామని మా పెద్దాయనతో పోట్లాట. ఆయన్ని మేం కత్తెర అంటాం. సెలవులు, మనుషులు, మనం నోరు తెరిస్తే మన మాటలు, అన్నీ కత్తిరిస్తాడు. ఎట్టకేలకి జనవరిలో కొత్త కాపీ నా చేతులతో తయారు చేశాను. నెలాఖరుకల్లా ఇళ్ళకి వెళ్ళిపోతుందన్నారు.

బావా, అక్క చూసింది అదే. నా కాపీ చూసే ఆ మాట అంది. మా గదిలో కూర్చుని ఏడ్చాను. చీకట్లో ఎవరికీ కనపడలేదు. ఈ ఉద్యోగంలో ఉన్న సుఖం అదొక్కటే.

డొక్కలు లేచి పడటం మీకూ కనిపించిందా? అక్క నవ్వింది అక్కడేనా? ఇంకోటి, ఆ టీవీ ఎవరికీ ఇచ్చెయ్యకండి. వీలు చూసుకుని వచ్చి నేను ఒకసారి చూడాలి.

మీ బావమరిది

*

మార్చి 15

బావమరిదికి,

డొక్కలు నేను చూడలేదు. తెర వైపు ఒక్కసారే చూశాను, ఆమె నవ్వినప్పుడు. ఎక్కడ నవ్విందో ముందే రాశాను.

టీవీ ఎవరికీ ఇవ్వడం లేదు. నీకు కూడా.

ఆదివారాలు నీ ఫోన్ వచ్చేది. ఆమె బాల్కనీలోకి వెళ్ళి తలుపు దగ్గరగా వేసుకునేది. లోపల కూర్చుని నవ్వు వినేవాణ్ణి. మంచినీళ్ళకో, ఆరేసిన తువ్వాలుకో అటు వెళ్తే నవ్వు ఆగిపోయేది. ఏమిటి విశేషం అంటే "ఏం లేదండీ, సీరియల్" అనేది. పెళ్ళయిన ఇన్నేళ్ళలో నా మాటకి ఆమె అలా నవ్విన గుర్తు లేదు. నేను నవ్వించే మాటలు చెప్పను, అది వేరే సంగతి. నీకు ముద్దుపేరు పెట్టింది. నాకు పెట్టలేదు.

ఇది ఫిర్యాదు కాదు. ఉన్నది రాశాను.

షాపు తీస్తున్నాను. ఎదురుగా బట్టలు కుట్టే ఆవిడ తలనొప్పి మాత్రకి వచ్చి, "మరి వంటెవరు చేస్తున్నారండీ?" అంది. నేనే అన్నాను. "అయ్యో, తినేదెవరు?" అంది. మీ అక్క ఉంటే ఇది నీకు ఫోన్లో చెప్పేది. నేను ఉత్తరంలో చెబుతున్నాను. నీకు నవ్వొచ్చిందో లేదో నాకు తెలిసే వీలు లేదు.

మీ బావ

*

మార్చి 22

బావా,

నవ్వొచ్చింది. ఆవిడ మాత్ర తీసుకుని వెళ్ళిందా, మీ వంట రుచి చూసి ఇంకోటి కూడా కొనుక్కుందా?

మీకు ముద్దుపేరు లేదని ఎవరన్నారు? ఉంది. "ఊఁ గారు". ఫోన్లో అక్క నోట మీ పేరు అదే. "ఊఁ గారు వచ్చారు, మళ్ళీ చేస్తా ఉండు." "ఊఁ గారికి గొంతు పట్టేసిందిరా, ఇవాళ ఇల్లంతా నిశ్శబ్దం." మీరు వస్తే నవ్వు ఎందుకు ఆగేదనుకున్నారు? మీ మీద జోకు మీ మొహం మీదే వేస్తుందా!

ఇక్కడి కబురు చెప్పాలి. "నీడల రేవు" అన్ని సీజన్లూ కలిపి ఒక్కటిగా విడుదల చేస్తున్నారు. డిస్కుల మీదా, నెట్‌లోనూ. ఇకమీదట ఎవరు చూసినా ఇదే చూస్తారు. కత్తెర మీటింగు పెట్టి పాత కాపీలు ఉన్నవి ఉన్నట్టు పంపేద్దాం అన్నాడు. ఆఖరి ఎపిసోడ్ నేను బాగుచేసి ఉంచాను కదా, మిగిలిన చీకటి సీన్లు కూడా చేద్దాం సార్ అన్నాను.

"ప్రేక్షకులెవరూ ఇంత పట్టించుకోరయ్యా. కూర తరుగుతూ చూస్తారు, బట్టలు మడతపెడుతూ చూస్తారు. నలుపో బూడిదో, ఎవడిక్కావాలి?"

"మా అక్కకి కావాలి సార్."

లేచి నిలబడి, ఆ రోజు సంగతి చెప్పాను. అక్క ఆఖరి మాట చెప్పాను. కత్తెర కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు. "సరే, చూద్దాంలే" అన్నాడు. ఆ నోటి నుంచి "చూద్దాం" వచ్చిందంటే సగం పని అయినట్టే.

అక్క గెలిపించింది బావా.

మీ బావమరిది

*

మార్చి 29

బావమరిదికి,

నాకూ ముద్దుపేరు ఉందని తెలియజేశావు. సంతోషం. నన్ను వదిలేసి మీరిద్దరూ నవ్వుకునేవారని ఇన్నాళ్ళూ కుళ్ళుకున్నాను. నన్ను చూసే నవ్వుకునేవారని ఇప్పుడు తెలిసింది.

మీటింగు సంగతి. ఆమె ఆ మాట నా చెయ్యి పట్టుకుని అంది. గదిలో ఇంకెవరూ లేరు. అందులో నాకు భాగం లేకపోయినా నీకు చేర్చాను. నువ్వు దాన్ని తీసుకెళ్ళి ఆఫీసు బల్ల మీద పెట్టావు. ఎవరో కళ్ళజోడు తుడుచుకున్నారని నాకు రాశావు. ఆ మాట నీదే కావచ్చు. కాని నీ కంపెనీది కాదు.

నిన్న ఆ ఎపిసోడ్ పెట్టుకుని నా కుర్చీలో కూర్చుని చూశాను. ఏమీ అర్థం కాలేదు. ఎవరు ఎవరికి ఏమవుతారో తెలీదు. పడవలో ముసలాయన ఎందుకు ఏడుస్తాడో తెలీదు. ఆమె ఉన్నప్పుడు అడగాలని తోచలేదు. ఇప్పుడు అడగాలని ఉంది. నువ్వు చెప్పకు.

సొరంగం వచ్చింది. నువ్వు రాసిన జంతువు కనపడలేదు. గడులు కనిపించాయి.

మీ బావ

*

ఏప్రిల్ 6

బావా,

మీ కోపం న్యాయమే. దాని గురించి తరవాత రాస్తాను. ముందు ఇది చదవండి.

గడులు కనిపించాయని రాశారు. నేను బాగుచేసిన కాపీలో గడులు ఉండే వీల్లేదు. ఆఫీసుకి పరిగెత్తి, ఇళ్ళకి వెళ్తున్న కాపీ ఏదో తీయించి చూశాను. పాతదే. నాది జనవరి నుంచీ ఇక్కడే పడి ఉంది. పంపించమని చెప్పాల్సింది కత్తెర, చెప్పలేదు. అంటే అక్క చూసింది కూడా పాతదే. చదరంగం బల్లే.

కత్తెరని నిలదీశాను. తెలివైనవాడు బావా, ఒక్క క్షణం కూడా తడుముకోలేదు.

"మరీ మంచిదేగా! పాత కాపీ చూసే మీ అక్కగారు నలుపు సరిగ్గా ఉందన్నారు. నువ్వే నిలబడి చెప్పావు, అందరం విన్నాం. ఇక బాగుచెయ్యడం ఎందుకు? సంతకం పెట్టు."

నా మాట నా నోటికే అడ్డం పడింది. నేను సంతకం పెడితే ఆ గడులతోనే ఆ సీరియల్ ఎప్పటికీ ఉండిపోతుంది. పెట్టకపోతే నా కుర్చీలో ఇంకొకణ్ణి కూర్చోబెట్టి పెట్టిస్తారు.

కాని నన్ను తినేస్తున్నది అది కాదు. చారలో వెంట్రుకంత తేడా ఉన్నా అక్క కళ్ళు పట్టేసేవి. అలాంటిది పాత కాపీ చూసి నలుపు సరిగ్గా వచ్చిందని ఎలా అంటుంది? బావా, ఏమీ అనుకోకండి. ఆ రోజు అక్క పూర్తి తెలివిలోనే ఉందా? మందు మత్తులో ఏమైనా…

మీ బావమరిది

*

ఏప్రిల్ 11

బావమరిదికి,

మందు కొలిచింది నేను. బతుకంతా చేసిన పని అదే. ఆ రోజు పొద్దున డాక్టరు చెప్పినదానికన్నా తక్కువే ఇచ్చాను, మెలకువగా ఉండాలని ఆమే అడిగింది. పాపిట వంకర పోయిందని చూపుడు వేలితో పట్టుకున్న మనిషికి మత్తేమిటి?

మొదట ఆమె మాటని ఊరేగించావు. అది నీకు పనికిరాకపోయేసరికి ఆమె తెలివినే శంకిస్తున్నావు. నీకు నచ్చినప్పుడు సాక్ష్యం, నచ్చనప్పుడు మత్తు.

నీకూ నీ కత్తెరకీ తేడా ఏమిటో నాకు తెలియడం లేదు.

ఇక ఉత్తరాలు వద్దు.

బావ

*

ఏప్రిల్ 16

బావా,

వద్దన్నా రాస్తున్నాను. చించెయ్యండి, కాని చదివి చించండి.

తప్పు అడిగాను. అక్క తెలివి గురించి నా నోట ఆ మాట ఎలా వచ్చిందో నాకే తెలీదు. ఆమె అబద్ధం చెప్పదు, పొరపాటు చూడదు. నాకు అక్షరాలు నేర్పిందీ ఆమే, రంగులు నేర్పిందీ ఆమే. గోడకి వేసే తెలుపులోనే ఎన్ని రకాలున్నాయో వేలు పెట్టి చూపించేది. కాబట్టి ఆ రోజు ఆ తెర మీద నలుపు సరిగ్గానే వచ్చింది. కాపీ మాత్రం పాతది. ఈ రెండూ నిజమైతే, తేడా మీ ఇంట్లో ఉంది.

అందుకని ఒక్కటే అడుగుతున్నాను. ఆ మధ్యాహ్నం గది ఎలా ఉందో రాయండి. మంచం ఎక్కడ? కిటికీ తీసి ఉందా, మూసి ఉందా? ఏ లైటు వెలుగుతోంది? మీరెక్కడ కూర్చున్నారు? మీకు పనికిమాలిన వివరం అనిపించినా రాయండి. తిట్లు కూడా రాయండి, అవి వేరే కాగితం మీద రాస్తే దాచుకుంటాను.

సంతకం ఇంకా పెట్టలేదు. ఈ నెలాఖరు దాకా గడువిచ్చారు, ఇంకో వారం సాగదీయగలను.

మీ గుడ్లగూబ

*

ఏప్రిల్ 24

బావమరిదికి,

రాయకూడదనుకున్నాను. ఆమె పొరపాటు చూడదన్నావు కాబట్టి రాస్తున్నాను.

మంచం ముందుగదిలోకి మార్చి కొన్నాళ్ళయింది. టీవీకి ఎదురుగా గోడ వారన వేశాను. ఆ గదిలో ఒకటే ట్యూబులైటు. దాని కింద నా కుర్చీ. షాపు నుంచి వచ్చాక అందులో కూర్చుని పేపరు చదువుతాను. మొదటి పేజీ నుంచి ఆఖరి పేజీ దాకా, ప్రకటనలతో సహా. ఎప్పటినుంచో అంతే. ఆమె సోఫాలో ఆ చివర కూర్చుని సీరియల్ చూసేది.

ఆ రోజు వెలుతురు ఆమె కళ్ళకి గుచ్చుకుంటోంది. పగలైనా సరే, కిటికీ మూసి, దాని మీద ముదురు దుప్పటి కట్టాను. అంచులు మేకులకి బిగించాను. ట్యూబులైటు ఆర్పాను. టీవీ వెలుగు కూడా ఓర్చుకోలేక కళ్ళు చికిలిస్తోంది. మా టీవీ వెలుగు ఎప్పుడూ పూర్తిగా పెంచే ఉంటుంది, లేకపోతే ట్యూబులైటు కింద బొమ్మ వెలవెలబోతుంది. దాన్ని బాగా తగ్గించాను. కళ్ళు విప్పింది.

మందు సీసా మీద గీతలు నాకు కనపడాలి. షాపులో కరెంటు పోతే వాడే చిన్న దీపం ఉంది. అది తెచ్చి, ఆమె కళ్ళలో పడకుండా టీవీ వెనక నేల మీద పెట్టాను. గోడ మీద పడి కొంచెం వెలుగు వచ్చింది. అది చాలు.

కుర్చీలో కూర్చోలేదు. మంచం మీద ఆమె పక్కన కూర్చున్నాను. దిండు సరిపోలేదంటే నా భుజానికి ఆనుకుంది. ఆ రోజు పేపరు తియ్యలేదు. గుమ్మంలోనే పడి ఉంది.

"ఇవాళ చదవరా?" అంది.

"చీకటిగా ఉందిగా."

"ఊఁ" అంది.

నువ్వు ఆ ముద్దుపేరు సంగతి రాసేదాకా అందులో ఆట ఉందని నాకు తెలీదు.

నీకు కావలసింది ఇందులో ఉందో లేదో చూసుకో. నాకు వేరే కాగితం మీద రాయవలసినవేమీ లేవు.

బావ

*

మే 2

బావా,

మీ ఉత్తరం రాగానే మా ఇంట్లో కిటికీకి దుప్పటి కట్టాను. టీవీ వెలుగు తగ్గించాను. వెనకాల నేల మీద చిన్న దీపం పెట్టాను. పాత కాపీ, ఆ చదరంగం బల్లే, పెట్టుకుని చూశాను.

జంతువు ఊపిరి తీసింది బావా. డొక్కలు లేచాయి, పడ్డాయి. ఆ పిల్ల పాట పాడుకుంటూ వెళ్ళిపోయింది.

గడులు ఎక్కడికీ పోలేదు. ఉన్నాయి. ట్యూబులైటుతో పోటీపడాలని మీరు టీవీ వెలుగు పెంచారు. పెంచితే నలుపు బూడిదవుతుంది, బూడిదలో గడులన్నీ బయటపడతాయి. గది చీకటి చేసి, వెలుగు తగ్గించి, వెనక దీపం పెడితే నలుపు నలుపులోకి వెళ్ళిపోతుంది. మా గదిలో తెర వెనక అలాంటి దీపమే ఉంటుంది. దాని కోసం మేం చదువులు చదివాం. మీరు మందు సీసా కోసం పెట్టారు.

ఇప్పుడు అసలు సంగతి రాయాలి. మీకు కోపం వస్తుందో ఏమో తెలీదు. ఈ చిట్కా అక్కకి తెలుసు. నేనే చెప్పాను, ఒకసారి కాదు. గడులు కనిపిస్తున్నాయని గోల పెట్టినప్పుడల్లా చెప్పాను.

"అక్కా, ఆ ట్యూబులైటు ఆర్పి చూడవే తల్లీ. సగం రోగం కుదురుతుంది."

"ఆర్పితే మీ బావ పేపరు పట్టుకుని లోపలి గదిలోకి వెళ్ళిపోతార్రా."

"వెళ్ళనీ. సీరియల్ అయ్యాక వస్తారుగా."

"రోజంతా షాపులో ఉంటారు. వచ్చి కూర్చునేది ఆ కాసేపేగా. పోనీలే, గడులుంటే ఉన్నాయి. నువ్వు బాగుచెయ్యి, నీకు జీతం ఇచ్చేది అందుకేగా!"

ఎప్పుడు చెప్పినా ఇదే జవాబు. అందుకే నేను ఆ కాపీ బాగుచెయ్యడానికి అంత తన్నుకులాడాను. ట్యూబులైటు కింద కూడా నలుపు సరిగ్గా రావాలి, మీరు లేవక్కర్లేకుండా. అది నా వల్ల కాలేదు.

మీరు లైటు ఆర్పి, లోపలి గదిలోకి వెళ్ళకుండా పక్కన కూర్చున్నారు. అదీ ఆమె నాకు చెప్పమన్నది. నేను దాన్ని వీడియో గురించి అనుకుని మీటింగులో చెప్పాను.

ఇన్ని ఉత్తరాల్లో మీకు నా మీద కుళ్ళు అని తెలుస్తూనే ఉంది. నాకు లోలోపల గర్వంగానే ఉండేది, దాచను. ఇప్పుడు నా వంతు. ఆదివారం ఫోన్ కోసం నేను వారమంతా జోకులు పోగేసుకునేవాణ్ణి. మీరు పేపరు చదువుకుంటూ కూర్చుంటే చాలు ఆమెకి. ఒళ్ళు మండిపోతోంది బావా.

గది సంగతి కత్తెరకి చెప్పాను. "అయితే ఏం చేద్దాం, ఇంటింటికీ మీ బావగారిని దుప్పటీతో పంపిద్దామా?" అన్నాడు. అందరూ నవ్వారు. ఇక సాగదీయడం నా వల్ల కాదు. సోమవారం సంతకం పెట్టమన్నారు. అక్క ప్రేక్షకురాలిగా ఒప్పుకుందన్న మాట ఫైల్లోకి ఎక్కిపోయింది, దాన్ని తీయించలేకపోతున్నాను. ఇంకో ప్రేక్షకుడు ఎవరైనా ఫిర్యాదు చేస్తే తప్ప ఆగదట.

నా దగ్గరున్న బాగుచేసిన కాపీ మీకు పంపిస్తాను. మీకోసం, ఆఫీసుకి తెలీకుండా. అందులో ట్యూబులైటు ఆర్పక్కర్లేదు.

మీ గుడ్లగూబ

*

మే 6

గుడ్లగూబకి,

నీ ఉత్తరం షాపులో చదివాను. తరవాత వచ్చినవాళ్ళకి మందులు రెండోసారి సరిచూసుకుని ఇచ్చాను.

గడుల సంగతి నాతో ఎప్పుడూ అనలేదు. అని ఉంటే లైటు ఆర్పేవాణ్ణి. లోపలి గదిలోకి వెళ్ళిపోయేవాణ్ణి కూడా. ఆమెకి తెలుసు.

నీకు ఒళ్ళు మండుతోందన్నావు. నాకూ తగ్గలేదు. రాజు కూతురు ఎవరో, ముసలాయన ఎందుకు ఏడుస్తాడో నీకు తెలుసు. ఆమె ఎక్కడ భయపడిందో, ఎవరిని తిట్టుకుందో, ఎవరు చస్తే సంబరపడిందో అన్నీ నీకే తెలుసు. ఒకే గదిలో ఉండి నేను వాతావరణం, బంగారం ధర, ఉద్యోగ ప్రకటనలు చదివాను. అది ఇప్పుడు మారదు. నువ్వు చెబితే వినాలని లేదు. నువ్వు చెప్పిందే గుర్తుండిపోతుంది, ఆమె చూసింది కాదు.

బాగుచేసిన కాపీ పంపకు. నాకు అక్కర్లేదు. అందులో ఆమె చూడనివి కనిపిస్తాయి. నాకు ఆమె చూసిన గడులే కావాలి.

మీ కత్తెరకి చెప్పు. ఆ ఇంట్లో ఒక ప్రేక్షకురాలు ఒప్పుకున్నమాట నిజం, కాని ఆ ఇంట్లో ఇంకో ప్రేక్షకుడు ఉన్నాడు. ఆఖరి ఎపిసోడ్ ట్యూబులైటు కింద, టీవీ వెలుగు మళ్ళీ పూర్తిగా పెంచుకుని చూశాడు. జంతువు కనపడలేదు, చదరంగం బల్ల కనపడింది. ఆ ఫిర్యాదు పైన తేదీ వేసి, కింద నా సంతకంతో దీనితో పాటు పంపుతున్నాను. సోమవారానికి నీకు అందుతుంది. ఇది మీటింగులో చదువుకోవచ్చు. కళ్ళజోడు తుడుచుకునేంత విషయం ఇందులో లేదు.

ఒక్క ఎపిసోడ్ చూసి ఫిర్యాదు చేశాడంటారు. అందుకని రేపు పొద్దున షాపు తియ్యను. ట్యూబులైటు వేసి, టీవీ వెలుగు పెంచి, సోఫాలో ఆమె కూర్చునే చివర కూర్చుని, మొదటి సీజన్ మొదటి ఎపిసోడ్ పెడతాను.

బావ